పెద్దగా వాడని పేరు

సినిమాలో ఎవరైనా చచ్చిపోతే ఆ కబురు మోసుకురావడానికి వాన్స్ హాలిస్టర్‌ని పిలిచేవారు. టోపీ తీసి చేత్తో పట్టుకుని గుమ్మంలో నిలబడేవాడు. "మీ ఆయన ఇక రాడమ్మా" అనేవాడు. వెంటనే కెమెరా హీరోయిన్ ముఖం మీదికి వెళ్ళిపోయేది. ఆవిడ ఏడిస్తే దేశమంతా ఏడ్చేది, ఆ ఏడుపుకి ఆవిడకు బహుమతి కూడా వచ్చేది. కబురు చెప్పినవాడు ఎప్పుడు మెట్లు దిగి వెళ్ళిపోయాడో ఎవరూ చూడలేదు.

ముప్పై ఏళ్ళకు పైగా ఆయన చేసిన పని ఇదే. మాటల్లేని సినిమాల చివరి రోజుల్లో, గుడారాల్లో నాటకాలాడే ఒక బృందంతో నెబ్రాస్కా నుంచి వచ్చాడు. బృందం యజమాని హాలీవుడ్‌లో ఎవరికీ చెప్పకుండా మాయమైతే ఈయన ఇక్కడే ఉండిపోయాడు. అంతలో సినిమాకి మాటలొచ్చాయి, గొంతున్నవాళ్ళు కావలసివచ్చారు. ఆయనది లోతైన గొంతు. పొడుగు మనిషి, ఎముకలు తేలిన ముఖం, ఆ ముఖానికి రెండు వైపులా తెరిచిపెట్టిన కిటికీ రెక్కల్లా రెండు చెవులు. హీరో కాకపోవడానికి ఆ చెవులే కారణమని ఆయన ఎవరితోనైనా నవ్వుతూ చెప్పేవాడు. హీరో పక్కన నిలబడటానికి మాత్రం అవి బాగా పనికొచ్చాయి. వాటి పక్కన ఎవడైనా అందగాడే.

ఆయనకొక నల్లకోటు ఉండేది. సొంత కోటు ఉన్నవాళ్ళను స్టూడియోలు ముందు పిలిచేవి. ఆ ఒక్క కోటుతోనే ఆయన చర్చి పాదిరీ అయ్యాడు, శవపేటికలు అమ్మేవాడయ్యాడు, అప్పు పుట్టదని చెప్పే బ్యాంకు గుమాస్తా అయ్యాడు, గదిలోంచి బయటికొచ్చి కళ్ళజోడు తీసి తల అడ్డంగా ఊపే డాక్టరయ్యాడు. భార్య రూత్ బతికున్నంతకాలం ఆ కోటు మోచేతులు మార్చి కుట్టేది. ఆవిడ పోయాక ఆయనే కుట్టుకున్నాడు. ఆ కుట్లు కెమెరాకి కనపడకుండా చేతులు ఎలా పెట్టుకోవాలో కూడా నేర్చుకున్నాడు.

మేమిద్దరం ఒకే వాకిలి చుట్టూ కట్టిన చిన్న ఇళ్ళలో ఎదురెదురుగా ఉండేవాళ్ళం. నాది స్టూడియోలో సామాను మోసే పని. కుర్చీలు, ఉత్తుత్తి తుపాకులు, రంగు పూసిన కేకులు. ఈ ఊళ్ళో ప్రతివాడూ ఏదో ఒకటి కాబోతున్నవాడే. కాఫీ పోసే అమ్మాయి హీరోయిన్ కాబోతోంది, కార్లు తుడిచేవాడు దర్శకుడు కాబోతున్నాడు. ఇంకేమీ కాబోకుండా స్థిమితంగా ఉన్న మనిషిని నేను ఆయనొక్కణ్ణే చూశాను. అందుకే సాయంత్రాలు పని నుంచి రాగానే ఆయన మెట్ల మీద కూర్చునేవాణ్ణి. డబ్బాలో టమాటా సూపు వేడిచేసి, బిస్కెట్లు నలిపి అందులో వేసి, ఒక గిన్నె నాకిచ్చేవాడు.

మా పనిలో ఒక మర్యాద ఉంది. ఎక్కడా రాసి ఉండదు. ఇద్దరు మాట్లాడుకునే సీనులో కెమెరాని ముందు ఒకరి ముఖం మీద పెడతారు, అది అయ్యాక తిప్పి రెండోవారి మీద పెడతారు. కెమెరా మీ మీద లేనప్పుడు మీరు ఇంటికి పోయినా ఎవరికీ తెలియదు. కానీ మర్యాద తెలిసినవాడు కెమెరా పక్కనే నిలబడి, ఎదుటివాడి కళ్ళలోకి చూస్తూ, తన మాటలు మళ్ళీ చెబుతాడు. లేకపోతే ఆ ఎదుటివాడు గాలితో మాట్లాడాలి. పెద్ద హీరోలు తమ వంతు కాగానే గదికి పోతారు. అప్పుడు స్క్రిప్టు చూసుకునే ఎడ్నా కళ్ళజోడు పెట్టుకుని, వాళ్ళ మాటలు చదువుతుంది. ఎడ్నా మంచిది, కానీ ఆవిడ చదివితే ప్రేమ మాటలైనా కిరాణా కొట్టులో ఉప్పు, పప్పు అడిగినట్టుంటాయి.

హాలిస్టర్ తన బతుకంతా ఎడ్నాకే చావు కబుర్లు చెప్పాడు. ఎడ్నా కన్నా ముందు ఆ కుర్చీలో ఉన్నవాళ్ళకు చెప్పాడు. తాను మాత్రం ఒక్కసారి కూడా ముందే వెళ్ళలేదు. జ్వరమొచ్చినా, ఎదురుగా ఉన్నది నిన్నగాక మొన్న వచ్చిన పిల్లయినా, కెమెరా పక్కన ఆ నల్లకోటు ఉండేది. ఎందుకని అడిగితే, "ఒంటరిగా మాట్లాడ్డం పిచ్చాళ్ళకే బాగుంటుందయ్యా" అన్నాడు.

ఆయన పేరు తెరమీద పడటం అరుదు. కానీ ఈ భూమ్మీద ఒకే ఒక్కచోట ఆయన పెద్ద హీరో. అది నెబ్రాస్కాలో ఆయన పుట్టిన ఊరు, బెల్ ఫోర్క్. అక్కడ ఉన్నది ఒకటే సినిమా హాలు, యజమాని గస్ లిండ్ ఆయనతో చదువుకున్నవాడు. సినిమా ఎవరిదైనా సరే, అందులో తమ ఊరివాడున్నాడని తెలిస్తే గస్ హాలు ముందు బోర్డు మీద దీపాల మధ్య 'వాన్స్ హాలిస్టర్' అని పైన పెట్టేవాడు. చోటు మిగిలితే కింద హీరో పేరు. ఒకసారి ఊరంతా వచ్చి చివరిదాకా కూర్చున్నారు, ఈయన మాత్రం ఎక్కడా కనిపించలేదు. ఆయన చేసిన ముక్క మొత్తం కత్తిరించేశారు. పేరు దింపేయమని కొందరు నవ్వారట. పెట్టిన పేరు తీయడం బాగుండదని గస్ సినిమా మారేదాకా అలాగే ఉంచాడు. ఈ సంగతులన్నీ ఆయన అక్క ఒపాల్ ఫోనులో చెప్పేది. మా వాకిట్లో గోడకి ఒకటే ఫోను. ఒపాల్ మాట్లాడితే నెబ్రాస్కా నుంచి తీగ అవసరం లేకుండానే వినిపించేది.

ఇలా ఉండగా మా స్టూడియోకి ఆరెగాన్ నుంచి ఒక కుర్రాడు దొరికాడు. దుంగలు కోసే మిల్లులో పనిచేసేవాడు. మంచి భుజాలు, నిద్రలోంచి అప్పుడే లేచినట్టుండే కళ్ళు. ప్రచారం చూసే పెద్దలు వాణ్ణి చూసి పొంగిపోయారు. అన్నిటికన్నా వాడి పేరు వాళ్ళకు నచ్చింది. ఈ ఊళ్ళో ఎవడొచ్చినా ముందు పేరు మార్చి పారేస్తారు. వీడి పేరు మార్చనక్కర్లేదు, పుట్టినప్పుడే సినిమా కోసం పెట్టినట్టుందన్నారు. పోస్టర్లు అచ్చేశారు, పత్రికల్లో బొమ్మలు వేయించారు. వాడి పేరు వాన్స్ హాలిస్టర్.

నటుల సంఘంలో ఒక పేరుతో ఇద్దరు ఉండకూడదు. ముందొచ్చినవాడిదే పేరు. వాడు చచ్చిపోవాలి, లేదా తనంతట తాను వదులుకోవాలి. ఈ నియమం ప్రచారంవాళ్ళకు తెలియక కాదు. అదే స్టూడియోలో, అదే గేటులోంచి ముప్పై ఏళ్ళుగా వస్తూపోతూ ఉన్న మనిషి పేరు అదేనని ఒక్కడికీ తట్టలేదు. నేను ఆ పోస్టర్ల కట్టలు గోదాములోకి మోసి, మళ్ళీ బయటికి మోసి, మళ్ళీ లోపల పెట్టాను.

సిడ్ లార్కిన్ అని ప్రచార విభాగంలో ఒకడుండేవాడు. వాడు మా వాకిట్లోకి డోనట్ల పెట్టెతో వచ్చాడు. హాలిస్టర్ మెట్లమీద కూర్చుని బూట్లకు నలుపు రాస్తున్నాడు. లార్కిన్ ఆయన చేసిన సినిమాల పేర్లు రెండు చెప్పాడు. ఆ రెండిట్లోనూ ఆయన లేడు. ఆయన దాన్ని సరిదిద్దలేదు, డోనట్ ఒకటి తీసుకున్నాడు.

అసలు విషయం తర్వాత వచ్చింది. కుర్రాడి మొదటి సినిమా కోర్టు కథ. కోపంలో ఊరివాళ్ళ గోదాము తగలబెట్టిన పిల్లవాడు, అతనికి శిక్ష వేసే ముసలి జడ్జి. జడ్జికి చివర్లో పెద్ద ఉపన్యాసం ఉంది. కెమెరా ఆయన ముఖం మీదే ఉంటుంది. ఆ వేషం హాలిస్టర్‌దే. తెరమీద పేరు కూడా విడిగా పడుతుంది. కాకపోతే వేరే పేరు.

"మీకేం పోతుంది పెద్దాయనా" అన్నాడు లార్కిన్. "ఆ పేరుతో మీరేం చేసుకుంటున్నారు చెప్పండి."

హాలిస్టర్ బూటు పక్కన పెట్టాడు. ఒప్పుకోలేదు, కాదనలేదు. వేషం వేస్తానన్నాడు, పేరు వదులుకునే సంతకం సంగతి తన పని ముగిసిన రోజు చూద్దామన్నాడు. గోదాములో పోస్టర్లు ఆగిపోయాయి కనుక లార్కిన్‌కి వేరే గతిలేదు.

వాడు వెళ్ళాక నేను తిట్టాల్సినవన్నీ తిట్టాను. ఆయన విన్నాడు. మాట పూర్తయ్యేదాకా కెమెరా తన మీద ఉండటం ఎలా ఉంటుందో తనకు తెలియదని అన్నాడు. అది విన్నాక నాకు తిట్టడానికి ఏమీ మిగల్లేదు.

ఆ ఆదివారం ఒపాల్‌కి ఫోను చేశాడు. స్టూడియోవాళ్ళు హెన్రీ ఆలివర్ అనే పేరు ఇస్తామన్నారని చెప్పాడు. ఒపాల్ జవాబు వాకిలంతా వినపడింది.

"ఆలివర్ ఎవడ్రా? మన దొడ్లో పంది పేరు కదరా అది."

"ఆ పంది పోయి యాభై ఏళ్ళయిందక్కా."

"నాన్న పేరు పక్కన పెట్టేసి పంది పేరు పెట్టుకుంటావా. సరే, నీ ఇష్టం. నువ్వు నోరు తెరిచి నాలుగు ముక్కలు మాట్లాడ్డం నేను పోయేలోగా చూడాలని నాకూ ఉంది." ఆ తర్వాత ఆవిడ గొంతు తగ్గింది. నేను చెవులు రిక్కించాల్సివచ్చింది. "గస్‌కి మాత్రం నువ్వే చెప్పు. నేను చెప్పలేను."

ఆయన గస్‌కి చెప్పలేదు. వేషం, పేరు, రెండూ కావాలి ఆయనకు. ఒకటే దొరుకుతుంది.

రెండు రోజులకు కుర్రాడే వచ్చాడు. పాత ట్రక్కు వీధిలో ఆపి, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక వాకిట్లో నిలబడ్డాడు. వాణ్ణి అసహ్యించుకుందామని నేను గట్టిగా ప్రయత్నించాను. వాడు అందుకు కలిసిరాలేదు.

"నేను వాన్స్ హాలిస్టర్‌నండీ" అన్నాడు.

"నేనూ అంతే. కూర్చో బాబూ."

వాడు కూర్చున్నాడు. ఆయన పేరు తాను ఎప్పుడూ వినలేదని, అందుకు సిగ్గుగా ఉందని చెప్పాడు. ఆ పేరు తన తాతదట.

"సిగ్గెందుకు, ఎవరూ వినలేదు. పెద్దగా వాడలేదు కనుక ఇంకా కొత్తగానే ఉంది" అన్నాడు హాలిస్టర్.

కుర్రాడు నవ్వాలో వద్దో తెలియక నా వైపు చూశాడు. నేను కాఫీ పోశాను. ఆ మధ్యాహ్నమంతా ఇద్దరూ కోర్టు సీను చదువుకున్నారు. కుర్రాడికి ప్రతి మాటా నొక్కి చెప్పే అలవాటు ఉంది, పెద్దాయన దాన్ని మాన్పించాడు. వాడు వెళ్ళేటప్పుడు ఆయన ట్రక్కు దాకా వెళ్ళి తలుపు వేశాడు. తిరిగొచ్చి, పిల్లాడు మంచివాడేనన్నాడు. పేరు వాడి దగ్గర పాడైపోదని కూడా అన్నాడు. ఇచ్చేయడానికే సిద్ధపడ్డాడని నాకప్పుడు అర్థమైంది.

కోర్టు సెట్టులో జడ్జి బల్ల, సుత్తి, నీళ్ళ గ్లాసు అన్నీ నేనే పెట్టాను. సహాయ దర్శకుడు "వాన్స్" అని కేకేస్తే ఇద్దరూ తలతిప్పేవారు. మొదటి పూట అందరూ నవ్వుకున్నారు. రెండో పూటకి అది పనికి అడ్డమైంది. అప్పట్నుంచి పెద్దాయన్ని జడ్జిగారూ అన్నారు. లార్కిన్ ఒక మూల నిలబడి దానికి సంతోషించడం చూశాను.

ముందు కుర్రాడి క్లోజప్పులు తీశారు. హాలిస్టర్ జడ్జి గౌనులో కెమెరా పక్కన నిలబడి, ఉపన్యాసం మొత్తం మొదట్నుంచి చివరిదాకా చెప్పాడు. కుర్రాడికి ఏడుపు రావాలి, రావటంలేదు. మళ్ళీ చెప్పాడు. మళ్ళీ. "నీ తండ్రిని ఎరుగుదును, ఆయన కట్టిన గోడలు ఈ ఊళ్ళో ఇంకా నిలబడే ఉన్నాయి" అనే చోట గొంతు కొంచెం తగ్గించి, కుర్రాడొక్కడితోనే అంటున్నట్టు చెప్పాడు. కుర్రాడి నిద్రకళ్ళు నిండాయి. దర్శకుడు చాలన్నాడు, చప్పట్లు కొట్టారు. కుర్రాడు కళ్ళు తుడుచుకున్నాడు.

కెమెరా తిప్పడానికి, దీపాలు మార్చడానికి చాలాసేపు పట్టింది. హాలిస్టర్ జడ్జి కుర్చీలోకి వెళ్ళి కూర్చున్నాడు. కోటుకి గౌను అడ్డం ఉన్నా, అలవాటుకొద్దీ మోచేతులు లోపలికి మడుచుకున్నాడు. బట్టల కొలతలకి పిలుస్తున్నారని, ఇక పనిలేదని సహాయ దర్శకుడు కుర్రాడితో చెప్పాడు. కుర్రాడు జడ్జి వైపు చెయ్యి ఊపాడు. వెళ్ళిపోయాడు.

ఎడ్నా కళ్ళజోడు పెట్టుకుని కెమెరా పక్కన కుర్చీ వేసుకుంది. ముద్దాయి నిలబడే చోట చూపు ఆనడానికి దీపం స్తంభం మీద తెల్ల కాగితం ముక్క అంటించారు.

హాలిస్టర్ ఆ కాగితం వైపు చూశాడు. తలుపు వైపు చూశాడు. తర్వాత మొదలుపెట్టాడు.

అందరూ ఆయన్ని గుమ్మంలో చూసినవాళ్ళే. అలా కూర్చుని మాట్లాడగా ఎవరూ చూడలేదు. శిక్ష వేయడం తన బతుకులో తనకు దొరికిన చెడ్డ పని అన్నట్టు, అయినా ఇంకెవరికీ అప్పగించలేనన్నట్టు ఆ కాగితం ముక్కకు చెప్పుకొచ్చాడు. మధ్యలో ముద్దాయి మాట ఒకటి ఉంది. ఎడ్నా చదివింది. "నేను పారిపోలేదు. సర్." ఉప్పు, పప్పు. ఆయన ఆ మాటకి కళ్ళు మూసుకున్నాడు, స్క్రిప్టులో అలా లేదు, మళ్ళీ తెరిచి మిగతాది చెప్పాడు. అయిపోయాక దర్శకుడు ఆపమని చెప్పడం మరిచిపోయాడు. పైన దీపాల దగ్గర ఎవరో దగ్గు ఆపుకోలేక దగ్గితే అప్పుడు చెప్పాడు. ఒకసారితోనే సరిపోయింది.

లార్కిన్ కాగితం, కలం పట్టుకుని వచ్చాడు. నేను బల్లమీద సుత్తి తీస్తూ అక్కడే ఉన్నాను. హాలిస్టర్ గౌను విప్పి మడతపెట్టి నాకిచ్చాడు.

"ఇవ్వను" అన్నాడు.

లార్కిన్‌కి అర్థం కాలేదు. ఇంకేమైనా కావాలా అన్నాడు. ఏమీ వద్దన్నాడాయన.

"మరి పొద్దుటిదాకా ఇస్తానన్నట్టే ఉన్నారుగా."

"ఇద్దామనే అనుకున్నాను. నేను మాట్లాడుతుంటే వాడు వెళ్ళిపోయాడు."

"బట్టల కొలతలకి పంపారండీ వాణ్ణి. ఎడ్నా ఉందిగా చదవడానికి."

"ఎడ్నా ఎప్పుడూ ఉంటుంది." ఆయన కోటు బొత్తాలు పెట్టుకున్నాడు. "అలా వెళ్ళిపోయేవాడికి ఏ పేరైనా పెట్టుకోండి. ఆ పేరున్నవాడు మాత్రం ఇన్నేళ్ళలో ఎన్నడూ వెళ్ళలేదయ్యా."

ఇది చాలా చిన్న విషయమని, దీనికోసం ఇంత వేషం పోగొట్టుకుంటారా అని లార్కిన్ చాలాసేపు వాదించాడు. చివరికి, మీ ముఖం సినిమాలో ఉండదు చూసుకోండి అన్నాడు. అదే వాడు చెప్పిన ఒకే ఒక నిజం.

ఆ సాయంత్రం ట్రక్కు మళ్ళీ మా వీధిలో ఆగింది. కుర్రాడి ముఖం ఎర్రగా ఉంది. ఉండాలని తనకెవరూ చెప్పలేదన్నాడు.

"నాకూ ఎవరూ చెప్పలేదు బాబూ" అన్నాడు హాలిస్టర్. గొంతులో కోపం లేదు. సూపు తాగి వెళ్ళమన్నాడు. కుర్రాడు తాగలేదు. ట్రక్కులో చాలాసేపు కూర్చుని, అప్పుడు వెళ్ళాడు.

పోస్టర్ల కట్టలు తగలబెట్టే పని నాకే వచ్చింది. ఇష్టంగా చేశాను. కుర్రాడికి కోల్ బ్రానన్ అని పేరు పెట్టారు. వాడు పెద్ద హీరో అయ్యాడు, మీకు తెలిసే ఉంటుంది. చాలా ఏళ్ళ తర్వాత ఒక సెట్టులో, టెలిగ్రాం తెచ్చే, ఒకే ఒక మాటున్న వేషగాడి క్లోజప్ తీస్తుంటే, బ్రానన్ కెమెరా పక్కన నిలబడి ఉండటం నేను చూశాను. దాన్నిబట్టి ఏదో అనుకోమని చెప్పను. ఆ రోజు వాడి కారు రాలేదేమో.

సినిమా వచ్చింది. నేనూ ఆయనా కలిసి చూశాం. లార్కిన్ మాట నిలబెట్టుకున్నాడు. జడ్జి వెనకనుంచి కనిపిస్తాడు, తల, రెండు చెవులు. ఉపన్యాసం మొదలవగానే తెరమీద కుర్రాడి ముఖం వస్తుంది, చివరిదాకా అదే ఉంటుంది. కానీ మాటలు మాత్రం తీయలేకపోయారు. అవి లేకపోతే కుర్రాడు ఎందుకు ఏడుస్తున్నాడో ఎవరికీ తెలియదు. కెమెరా పక్కన నిలబడి కుర్రాడి కోసం చెప్పిన ఆ మాటలే, మొదట్నుంచి చివరిదాకా, ఒక్కటి కూడా పోకుండా హాలంతా వినపడ్డాయి. పేర్లలో జడ్జి పేరు లేదు. హెన్రీ ఆలివరూ లేడు.

బయటికొచ్చాక నేనేదో అనబోతే, కుర్రాడు మాటలు నొక్కి చెప్పడం మానేశాడు, గమనించావా అన్నాడు.

బెల్ ఫోర్క్‌కి ఆ సినిమా ఆలస్యంగా చేరింది. ఒక ఆదివారం మధ్యాహ్నం ఫోను మోగింది. ఆయన ఒక చేత్తో చెవికి దూరంగా పట్టుకుని నిలబడ్డాడు.

"నీ పేరు పైన, ఆ బ్రానన్ గాడి పేరు కింద పెట్టాడు గస్" అంది ఒపాల్. "నీ పేర్లో ఒక 'ఎల్' అక్షరం గాలికి పడిపోతే ఏడంకెని తలకిందులు చేసి పెట్టాడు. దూరం నుంచి తెలియదులే."

"నా ముఖం లేదక్కా అందులో."

"నీ ముఖం నాకు తెలుసు. మాట్లాడావుగా. నువ్వు మాట్లాడుతున్నంతసేపూ హాల్లో అందరూ తెర వదిలేసి నా వైపు చూశార్రా."

ఇటూ అటూ ఇద్దరూ ఫోను పట్టుకుని అలాగే ఉన్నారు, దూరపు ఫోనుకి నిమిషానికింత డబ్బవుతుందని తెలిసి కూడా. తర్వాత పెట్టేసి లోపలికి వెళ్ళి, కోటు తెచ్చి, మెట్లమీద కూర్చుని బ్రష్షుతో దుమ్ము దులపడం మొదలుపెట్టాడు. మర్నాడు ఆయనకు పని ఉంది, వేరే స్టూడియోలో. ఒక గనిలో ఎవరో చచ్చిపోయారు. వెళ్ళి కబురు చెప్పాలి.